టిక్కు పెట్టని గడి

కొత్తలంక, పెట్టెల గది దినచర్య పుస్తకం
రాస్తున్నది: మంగతాయారు

43వ ఏడు, 203వ రోజు

పాత కంప్యూటరు పెట్టె ఈ ఉదయం కూడా గరగరమంది. మూడుసార్లు ఆపి మళ్ళీ వేశాను. నాలుగోసారికి లేచింది. కొత్తలంకలో ఉన్న ఆటలన్నీ దీంట్లోనే ఉన్నాయి, మొత్తం ఇరవై తొమ్మిది. మొన్నటి బండిలో భూమి నుంచి కొత్త పెట్టె ఒకటి వచ్చింది. దాన్ని నా చేతికిస్తూ ఐసు బావి పంపులు చూసే ధర్మారావు తన మాట కూడా చెప్పాడు.

“ఆటలన్నీ ఇందులోకి మార్చేసి పాతది నాకిచ్చెయ్యండి మంగతాయారు గారూ. దాన్లో అయస్కాంతాలుంటాయి కదండీ, బావి మోటారుకి కావాలి. 264వ రోజు దాటితే మోటారు ఆగిపోద్ది. ఇంక చుక్క నీళ్ళుండవు.”

“ఇంకా అరవై రోజులుంది. ఎందుకంత కంగారు?”

“మీ మీద నమ్మకమేనండి. మోటారు మీదే లేదు.”

మధ్యాహ్నం కుడి ఫ్యాను వేయగానే బల్ల మీది కాగితాలన్నీ ఎడమకు ఎగిరిపోయాయి. ఈ సొరంగాల ఊరంతటా గాలి ఒక్క వైపే నడుస్తుంది, అందరూ బట్టలు కూడా అటే ఆరేసుకుంటారు. ఈ గదిలో మాత్రం పెట్టెలు వేడెక్కకుండా పొద్దున్న ఎడమ ఫ్యాను, మధ్యాహ్నం కుడి ఫ్యాను. అందుకని కాగితాలకు రెండు పక్కలా బరువులు పెట్టుకోవాలి. ఇవాళ ఒక పక్కే పెట్టి మర్చిపోయాను.

ఈ పుస్తకంలో గది పని తప్ప సొంత గొడవలు రాయకూడదని మొదటి పేజీలోనే ఉంది. ఆ పేజీ రాసింది నేనే. కాబట్టి ఇవాళ్టికి ఇంతే.

కాదు, ఒక్క మాట. పొద్దున్న మా ఆయన వీర్రాజు, “వారధి ఆట కాస్త జాగ్రత్తగా మార్చు మంగా. సీతారత్నం గారు కంగారు పడుతున్నారు” అన్నారు. తనకు కంగారుగా ఉంటే ఆ మాట చెప్పొచ్చు. తనతో ఆడే ఆవిడ కంగారు నాకెందుకు?

207వ రోజు

ఏడు ఆటలు మార్చాను.

మార్చడం పెద్ద విద్యేం కాదు. ఆటను పాత పెట్టెలోంచి తీసి కొత్త పెట్టెలో పెట్టాలి. మారిన చోటు దానికి చెప్పాలి. చెప్పకపోతే అది పాత అడ్రసుకే వెళ్ళి తలుపు కొట్టి, ఎవరూ పలకలేదని ముడుచుక్కూర్చుంటుంది. అసలు సంగతి మూడోది. ఆట ఒకచోట ఉంటుంది, మనం ఆడినదంతా వేరే చోట ఉంటుంది. మార్చేటప్పుడు తెర మీద రెండు గడులు వస్తాయి: ‘ఆట’, ‘ఆడినది’. మొదటి గడిలో టిక్కు దానంతటదే పడి ఉంటుంది. రెండో గడిలో మనమే పెట్టాలి. పెట్టకపోతే ఆట క్షేమంగా చేరుతుంది కానీ ఏళ్ళ తరబడి ఆడినది రాదు. తెరిస్తే మళ్ళీ మొదటి రోజే.

ఈ రెండో గడి సంగతి కొత్తలంకలో నాకు తప్ప ఎవరికీ తెలియదు. ఎవరూ అడగలేదు.

పిలుపుకే ఎక్కువ సమయం పట్టింది. నేను పుట్టకముందు, ఊరు పెట్టిన మూడో ఏట, ఒకాయన లోపల ఆడుతుండగానే ఆట మార్చేశారట. ఆయనకు రెండు నెలల పని పోయింది, అప్పటి పెట్టెల గది మనిషికి ముందు పళ్ళు రెండు పోయాయి. అప్పటి నుంచి ఆచారం పెట్టారు. మార్చేముందు గది మనిషి ఒక్కతే ఆటలోకి వెళ్ళి, మూలమూలలా తిరిగి, “ఆట మారుతోంది, బయటికి రండి” అని కేకలేయాలి. లోపల ఎవరూ లేరని తెర చూపిస్తున్నా సరే, వేయాల్సిందే.

ఏడు ఆటల్లో కేకలేసి గొంతు పోయింది. ఇంటికెళ్ళి అల్లం నీళ్ళు కావాలన్నాను. అల్లం లేదన్నారు ఆయన. మొక్కల గదిలో అల్లం పండించేదే సీతారత్నం. అడిగితే ఇవ్వదా? అడగడానికి మొహమాటంట. రోజూ నాలుగో గంటకు ఆవిడ పక్క కుర్చీలో కూర్చుని ఆడటానికి లేని మొహమాటం పెళ్ళాం గొంతు కోసం వచ్చింది.

219వ రోజు

ఇవాళ వారధికి పిలుపు చేశాను.

ఆ ఆటలోకి ఎప్పుడూ వెళ్ళలేదు. మొదట్లో ఆయన ఒకటి రెండుసార్లు రమ్మన్నారు. రోజంతా పెట్టెలతో చచ్చి మళ్ళీ ఆటలా అన్నాను. తర్వాత అడగలేదు. సీతారత్నం దొరికింది. పదకొండేళ్ళుగా ఇద్దరూ కలిసి ఆడుతున్నారు.

లోపల ఒక పెద్ద నది ఉంది. పాయలు పాయలుగా విడిపోయి సముద్రం వైపు పోతుంది. నేను సొరంగంలో పుట్టిన మనిషిని. తొట్టిలో తప్ప నీళ్ళు ఒకచోట చూడలేదు. అంత నీరు ఊరికే అలా పోతుంటే భయం వేసింది. ప్రతి పాయ మీదా వారధులు, కర్రవీ రాతివీ, ఒకదాన్ని మించి ఒకటి. మొత్తం నాలుగు వందల పన్నెండు. నడిచీ నడిచీ ఆట నడిపే చేతిపిడి పట్టుకున్న వేళ్ళు నొప్పెట్టాయి. ఇవి కట్టిన మనిషి మా ఇంట్లో ఒక్క అర తిన్నగా బిగించలేదు. రెండేళ్ళుగా వంకరగానే ఉంది. ఇక్కడ దేనికీ భూమి మీదంత బరువు ఉండదు కాబట్టి సామాను కింద పడదు, మెల్లగా జారుతుంది. రోజూ సాయంత్రానికి ఉప్పు డబ్బా చివరికి చేరుకుంటుంది. రోజూ నేను దాన్ని వెనక్కి జరుపుతాను.

ప్రతి వారధి మొదట్లో ఒక పలక ఉంది. కట్టినవాళ్ళు దాని మీద రాసుకోవచ్చు. మొదటి పలక చదివాను.

‘సీతారత్నం గారూ, స్తంభం మీరు చెప్పిన చోటే నిలబడింది. మీరే రైటు.’

తొమ్మిదో పలక: ‘దూలం పొడవు చాలదన్నారు. చాలలేదు. మీరే రైటు.’

ఆ తర్వాత పిలుపు మానేసి పలకలే చదివాను. లెక్కపెట్టాను కూడా. మీరే రైటు అని నూట ముప్పై ఏడు చోట్ల రాశారు. మాకు పెళ్ళయి పంతొమ్మిదేళ్ళు. ఉప్పు డబ్బా జారుతోందని చెబితే, జారితే జారనీ అన్నారు. నీళ్ళ గొట్టం పగిలేలా ఉందని చెప్పిన మర్నాడు పగిలింది. అప్పుడు కూడా గొట్టం పాతదన్నారు కానీ నేను చెప్పింది నిజమైందని అనలేదు. నేను ఒక్కసారి కూడా వినని మాట ఆవిడ నూట ముప్పై ఏడుసార్లు విన్నది.

కడుపు మండిపోయింది. రాయడానికి సిగ్గెందుకు, కుళ్ళుతోనే మండింది. ఆయన ఆవిడకు పువ్వులిచ్చి ఉన్నా ఇంత మండేది కాదు.

మళ్ళీ మొదటి నుంచి వెళ్ళి పిలుపు పూర్తి చేశాను. ఎవరూ లేరు. బయటికొచ్చి తెర ముందు కూర్చున్నాను. ‘ఆట’ గడిలో టిక్కు ఉంది. ‘ఆడినది’ ఖాళీగా ఉంది. పిడితో బాణం గుర్తును దాని మీదికి తీసుకెళ్ళాను. కాసేపు అక్కడే ఉంచి, పక్కకు జరిపి, మార్చమని నొక్కాను.

ఇది గది పనే కాబట్టి ఇక్కడ రాయొచ్చు.

220వ రోజు

ఆయన ఆటల హాలు నుంచి తొందరగా వచ్చేశారు. అన్నం ముందు కూర్చుని, “అంతా పోయింది మంగా. తెరిస్తే ఖాళీ నది” అన్నారు. అంతే. తిట్టలేదు, అడగలేదు. సగం తిని లేచారు. నాకు ఒక గంటసేపు హాయిగానే ఉంది. ఆ తర్వాత లేదు.

నేను మళ్ళీ పెట్టెల గదికి వచ్చేసరికి సీతారత్నం గుమ్మంలో ఉంది. సన్నగా, నా కన్నా ఆరేడేళ్ళు చిన్నది, గోళ్ళలో ఎప్పుడూ మట్టి. చేతిలో చిన్న పొట్లం.

“అక్కా, ఏమైనా వెనక్కి తెచ్చే దారుందా?”

“పాత పెట్టె కదమ్మా. వచ్చినవి వచ్చాయి, పోయినవి పోయాయి” అన్నాను. అబద్ధం ఎంత తేలిగ్గా వచ్చిందో.

“పోనీలెండి. మీరు మాత్రం ఏం చేస్తారు.” పొట్లం బల్ల మీద పెట్టింది. “అల్లం. మీ గొంతు బాలేదని వీర్రాజు గారు చెప్పారు.”

అంటే అడిగారన్నమాట. నా గొంతు సంగతి ఆవిడతో మాట్లాడారన్నమాట. దానికీ మండింది. అల్లం మాత్రం వాడాను.

226వ రోజు

నేను కోరుకున్నది ఇది కాదు.

ఇద్దరూ మళ్ళీ మొదలుపెట్టారు. ఆయన ఇంటికొస్తూ ఏదో కూనిరాగం తీస్తున్నారు. నేను ఆ రాగం విని ఎన్నేళ్ళయిందో.

“ఇప్పుడు మా తప్పులన్నీ మాకు తెలుసు కదా మంగా. ఈసారి మొదటి నుంచీ రాతి స్తంభాలే. సీతారత్నం గారైతే చిన్నపిల్లలా గెంతుతున్నారు” అన్నారు.

ఏదో తీసేద్దామనుకుని, ఇద్దరికీ కొత్త సరదా నా చేత్తో నేనే అందించాను. నా అంత తెలివైనది కొత్తలంకలో ఇంకొకతి లేదు.

231వ రోజు

మార్చినా అసలుది చెరిగిపోదు, పాత పెట్టెలో వారధి ఇంకా ఉంది. వాళ్ళు ఆడినదంతా ఉంది. ధర్మారావుకి ఇచ్చేవరకూ ఉంటుంది. ఇప్పుడు టిక్కు పెట్టి పంపినా వెళుతుంది. కానీ పంపితే, పోయిందన్న దాన్ని ఎక్కడి నుంచి తెచ్చావంటారు. నా మాట అబద్ధమని ఇద్దరికీ ఒకేసారి తెలుస్తుంది. ఇద్దరూ ఒకరి మొహం ఒకరు చూసుకుంటారు. ఆ చూపు నేను పడలేను.

పంపలేదు. ఒక్కసారి చూసి వద్దామని లోపలికి మాత్రం వెళ్ళాను.

240వ రోజు

ఒక్కసారి అన్నాను కానీ రోజూ వెళుతున్నాను.

నాలుగు వందల పన్నెండు పలకలూ చదవడం ఇవాళ్టితో అయింది. పేచీలు, వేళాకోళాలు, మొక్కల గది కబుర్లు, ధర్మారావు గురక మీద ఒక పద్యం. నా పేరు కోసం వెతికాను. మంచో చెడో, మంగ ఇలా అంది, మంగ అలా చేసింది అని ఎక్కడైనా ఉంటుందేమోనని. ఒక్క చోట కూడా లేదు. తిట్టి ఉన్నా బాగుండేదనిపించింది.

247వ రోజు

నాలుగు వందల పదమూడోది సగంలో ఆగి ఉంది. నది సముద్రంలో కలిసేచోట, అన్నిటికన్నా పొడవైనది. పలక మీద సీతారత్నం రాత: ‘మూడుసార్లు పడింది. ఊతం సరిపోవట్లేదు. ఆలోచించండి.’ కింద ఆయన: ‘ఆలోచిస్తున్నాను.’

నేను కూడా ఆలోచించాను. పలకల మీద రాసుకున్న వాళ్ళ పాఠాలే చూసుకుంటూ దూలం ఎత్తాను. ఊతం పెట్టాను. పొద్దున్నంతా నిలబడింది. ఆటలో మధ్యాహ్నం అయ్యేసరికి మొత్తం నీళ్ళలోకి పోయింది. నాకు నవ్వొచ్చింది. మళ్ళీ కట్టాను, మళ్ళీ పోయింది. గంట గడిచిందని తెలియలేదు. పదకొండేళ్ళు ఒక మనిషి రోజూ ఇక్కడికి ఎందుకు వస్తాడో తెలిసింది. తెలిశాక ఇంకా మండింది, ఎందుకంటే ఆయన రమ్మన్నప్పుడు రాననిది నేనే.

పెట్టె గరగర ఎక్కువైంది. రోజూ నేను దాన్ని తిప్పుతున్నాను కదా.

262వ రోజు

కాగితాలకు బరువులు పెడుతుంటే తట్టింది. ఊతాలన్నీ ఒక్క వైపే పెట్టాం, వాళ్ళూ నేనూ. మా ఊళ్ళో గాలి ఒక్క వైపే నడుస్తుంది, ఇంకో వైపు నుంచి వస్తుందని ఎవరికి తోస్తుంది? 413కి రెండు వైపులా ఊతం పెట్టాను. ఆటలో మధ్యాహ్నం అయ్యేలోపు పెట్టె ఆగిపోయింది. మళ్ళీ లేపేసరికి ఇంటికి వెళ్ళే వేళయింది.

ఆ ఆలోచనలోనే ఉన్నాను. అన్నం వడ్డిస్తూ అడిగేశాను.

“ఏమండీ, సముద్రం దగ్గర గాలి మధ్యాహ్నానికి తిరుగుతుందా?”

ఆయన ముద్ద కలుపుతున్న చెయ్యి ఆగింది.

“సముద్రమా? మేమింకా మొదటి పాయే దాటలేదు. నువ్వు సముద్రం ఎక్కడ చూశావు?”

నేను ఇంకో గరిటె అన్నం వడ్డించాను.

“పెట్టె పాడైందని సీతారత్నం గారితో అన్నావట.”

“పాడవలేదు. మీరు ఆడినది రావాలంటే ఇంకో గడిలో టిక్కు పెట్టాలి, నేనే పెట్టలేదు.”

“ఎందుకు?”

“నూట ముప్పై ఏడు పలకల మీద రాశారు, మీరే రైటు అని. నాకు ఒక్కసారన్నా అన్నారా?”

ఆయన చాలాసేపు ఆలోచించారు. నిజంగానే ఆలోచించారు, అదే బాధ.

“నువ్వెప్పుడూ రైటే కదా మంగా. మళ్ళీ వేరే చెప్పాలా?”

ఇంత మాట కడుపులో పెట్టుకుని పంతొమ్మిదేళ్ళు తిరిగిన మనిషిని ఏమనాలి? కంచం నేనే తీసేశాను. ఏడుపు వస్తే ఆయన ముందు ఏడవడం ఇష్టం లేక గిన్నెలు తోముతూ ఏడ్చాను.

263వ రోజు

పొద్దున్నే ఇద్దరూ గదికి వచ్చారు. ఆయన చెప్పేసినట్టున్నారు. సీతారత్నం నా వైపు చూడలేదు. అక్కా అనలేదు.

టిక్కు పెట్టాను. ఈసారి రెండు గడుల్లోనూ ఉంది. మార్చమని నొక్కాను. డెబ్భై ఒక్క శాతం దగ్గర ఆగింది. మళ్ళీ నొక్కాను, మళ్ళీ డెబ్భై ఒకటే. పదకొండుసార్లు ప్రయత్నించాను. 231వ రోజున పంపి ఉంటే మొత్తం వెళ్ళేది. అప్పటి నుంచి నేను తిరిగిన తిరుగుడుకే పెట్టె అరిగిపోయింది. సగంలో ఆగినది కొత్త పెట్టెలో తెరుచుకోదు. ఆ సంగతి వాళ్ళకు నేనే చెప్పాను.

“చివరిసారి చూడొచ్చా?” అంది సీతారత్నం, ఆయనతో.

పాత పెట్టెలో కష్టం మీద తెరుచుకుంది. ఆవిడ మొదటి వారధి మీద నిలబడి కదల్లేదు. ఆయన మాత్రం నేరుగా 413కి వెళ్ళారు.

“రెండు వైపులా ఊతమేంటి మంగా? దండగ. బరువు పెరుగుతుంది. ఇది తప్పు.”

“గాలి తిరుగుతుందండీ.”

“గాలి ఎక్కడన్నా తిరుగుతుందా?”

అంతలో ధర్మారావు స్క్రూడ్రైవరు పట్టుకుని వచ్చాడు. మోటారు అప్పటికే రెండుసార్లు ఆగిందట. ఆటలో ఇంకా పొద్దున్నే. మధ్యాహ్నం దాకా ఉండే వీల్లేదు.

పెట్టె ఆపేముందు కూడా పిలుపు ఉండాలి. లోపల నిజంగా మనుషులున్న పిలుపు నా ఉద్యోగంలో ఇదే మొదటిది. ఇద్దరూ నా పక్కనే కుర్చీల్లో ఉన్నారు. అయినా అన్నాను.

“ఆట మారుతోంది. బయటికి రండి.”

ఆయన వచ్చేశారు. సీతారత్నం రాలేదు. రెండోసారి పిలిచాను. మూడోసారి పిలిచాక ఆవిడ పిడి కింద పెట్టి, చీర కొంగుతో తెర మీది దుమ్ము తుడిచి వెళ్ళిపోయింది. ధర్మారావు మరలు విప్పాడు.

272వ రోజు

నీళ్ళు బాగా వస్తున్నాయి. బిందె నిండుతుంటే అటు చూడబుద్ధి కావడం లేదు.

సీతారత్నం ఆట మానేసింది. నాలుగో గంటకు ఆయన హాలుకి వెళ్ళి, కాసేపు ఒక్కరే కూర్చుని వచ్చేస్తున్నారు. కూనిరాగం లేదు. ఇప్పుడు ఆయన పక్క కుర్చీలో ఎవరూ లేరు. ఇన్నాళ్ళూ నేను కోరుకున్నది ఇదే కదా? ఇంట్లో ఎదురుగా కూర్చున్న మనిషిని చూస్తే ఆవిడ మీదే కుళ్ళు వస్తోంది. లేకుండా పోయి కూడా ఇంత చోటు ఆక్రమించగలదు. నేను ఉండి కూడా అంత చోటు నింపలేకపోతున్నాను.

“నేను రానా?” అని అడిగాను.

“ఇప్పుడు కాదులే మంగా” అన్నారు. కోపంగా కూడా కాదు.

281వ రోజు

మొక్కల గదికి వెళ్ళాను. మొగుడితో ఆడుకోమ్మా అని ఇంకో ఆడదాన్ని బతిమాలడానికి వెళ్ళిన పెళ్ళాం కొత్తలంకలో నేనే అయ్యుంటాను. సీతారత్నం మిరప నారు సర్దుతోంది.

“మళ్ళీ రావచ్చు కదా. ఆయన ఒక్కరే కూర్చుంటున్నారు.”

“పదకొండేళ్ళండీ” అంది. “ఆయనతో ఆడుకోవడం ఒక్కటే కాదు. మా అమ్మ చనిపోయిన వారం నేను కట్టింది అందులో ఉంది. నా కొడుకు మొదటి పన్ను ఊడిన రోజు రాసిన పలక ఉంది. మీరు ఎందుకు చేశారో వీర్రాజు గారు చెప్పారు. అదొక కారణమా?”

“కారణమే. నీకు అర్థం కాదు. నువ్వు ఆ మాట నూట ముప్పై ఏడుసార్లు విన్నావు.”

ఆవిడ నారు పక్కన పెట్టి మొదటిసారి నన్ను తిన్నగా చూసింది.

“ఏం జరిగిందో మొత్తం చెప్పండి. ముక్కలు ముక్కలుగా వద్దు.”

నోటితో చెబితే నా వైపుకి లాక్కుని చెబుతానని నాకే తెలుసు. అందుకని ఈ పుస్తకం ఇచ్చేస్తున్నాను. కుళ్ళు అంతా ఇందులోనే ఉంది, ఎక్కడా కొట్టేయలేదు. చదివి ఏం చేసినా సరే.

290వ రోజు

పుస్తకంలో బయటివాళ్ళు రాయకూడదేమో, మొదటి పేజీ చూశాను. మంగతాయారు గారే రాయకూడనివన్నీ రాశారు కాబట్టి నేనూ రాస్తున్నాను. ఇది సీతారత్నం.

మొత్తం చదివాను. రెండు చోట్ల పుస్తకం నారు తొట్టిలో పడేద్దామనిపించింది. అల్లం దగ్గర ఒకసారి, 231 దగ్గర ఒకసారి. కోపం పోలేదు. పోతుందని మాట కూడా ఇవ్వను.

కానీ ఊతాల సంగతి బుర్రలోంచి పోలేదు. నాలుగు రోజులు ఎవరికీ చెప్పకుండా పొద్దున్నే హాలుకి వెళ్ళాను. కొత్త ఆటలో గట్టు వెంట సముద్రం దాకా నడిచి, అక్కడ చిన్న వారధి ఒకటి కట్టాను. ఒక వైపు ఊతం పెడితే మధ్యాహ్నానికి పడింది. రెండు వైపులా పెట్టి కూర్చున్నాను. మధ్యాహ్నం గట్టు మీది గడ్డి అంతా ఇటు నుంచి అటు వాలింది. గాలి తిరిగింది. ఆటలో చీకటిపడేదాకా చూశాను, వారధి కదల్లేదు.

వీర్రాజు గారికి చెప్పలేదు. పలక మీద రాసి పెట్టాను, అక్కడిదాకా వచ్చాక చదువుకుంటారు. రేపు నాలుగో గంటకి హాల్లో మూడో కుర్చీ వేయించండి.

మీరే రైటు, అక్కా.